వెలుగుతో రంగస్థలం కట్టిన చిత్రకారుడు ఎమిల్ రేనో

ఏటా అక్టోబర్ 28న అనేక దేశాల్లో అంతర్జాతీయ యానిమేషన్ దినోత్సవం జరుగుతుంది. అంతర్జాతీయ యానిమేషన్ చిత్రాల సంఘం 2002లో ఈ ఆనవాయితీకి శ్రీకారం చుట్టింది. ఆ తేదీ ఎంపిక వెనుక ఒక ఫ్రెంచి కళాకారుడి జీవితం ఉంది. 1892లో అదే రోజున పారిస్‌లోని గ్రెవిన్ మైనపు బొమ్మల ప్రదర్శనశాలలో ఎమిల్ రేనో తన చేతితో చిత్రించిన బొమ్మలను తెరపై కదిలించి, టికెట్టు కొని వచ్చిన ప్రేక్షకులకు చూపించారు. లూమియెర్ సోదరులు అదే నగరంలో ప్రజలకు తమ సినిమాను చూపడానికి అప్పటికి ఇంకా మూడు సంవత్సరాల రెండు నెలల వ్యవధి ఉంది.

నేటి యానిమేషన్ పరిశ్రమలో పాత్రల రూపకల్పనకు ఒకరు, నేపథ్య దృశ్యాలకు మరొకరు, రంగుల ఎంపికకు ఇంకొకరు ఉంటారు. వీరందరి పనిని ఒకే దృష్టితో నడిపించే బాధ్యత ప్రొడక్షన్ డిజైనర్‌ది. ఆ పదవికి పేరు కూడా పుట్టని రోజుల్లో రేనో ఆ పనులన్నీ ఒక్కరే చేశారు. కథ, పాత్రలు, దుస్తులు, రంగులు, దృశ్యబంధం, చివరకు వాటిని తెరపైకి పంపే యంత్రం కూడా ఆయన సృష్టే. అంతటి కళాకారుడు జీవిత చరమాంకంలో తన చిత్రాలను తన చేతులతోనే సెన్ నదిలో పారవేశారు. యానిమేషన్ చరిత్రలో ఇంతకన్నా విషాదకరమైన ఘట్టాలు అరుదు.

తండ్రి యంత్రవిద్య, తల్లి కుంచె

ఎమిల్ రేనో 1844 డిసెంబర్ 8న పారిస్ శివారులోని మాంత్రాయ్‌లో జన్మించారు. తండ్రి బ్రూటస్ రేనో ఇంజినీరు, పతకాలు చెక్కే నిపుణుడు. తల్లి మరీ కరోలిన్ బెలాంజే ఉపాధ్యాయురాలు. పుష్పచిత్రాలకు ఐరోపా అంతటా పేరుపొందిన పియర్ జోసెఫ్ రెదూతే వద్ద ఆమె నీటిరంగుల చిత్రణ నేర్చుకున్నారు. బాలుడి చదువు చాలావరకు ఇంట్లోనే సాగింది. లోహాన్ని సున్నితంగా మలిచే ఓర్పు తండ్రి నుంచి, పలుచని రంగులతో రూపానికి ప్రాణం పోసే నేర్పు తల్లి నుంచి సంక్రమించాయి. తరువాతి కాలంలో ఆయన చేసిన ప్రతి పనిలోనూ ఈ రెండు వారసత్వాలు కలిసే కనిపిస్తాయి.

కౌమారంలోనే పారిస్‌లో సూక్ష్మ పరికరాలు తయారుచేసే కార్మికశాలలో శిక్షణకు చేరారు. ఆ తరువాత శిల్పి, ఛాయాచిత్రకారుడు ఆదాం సాలొమోన్ వద్ద పనిచేసి ఛాయాచిత్రాలకు మెరుగులు దిద్దడం నేర్చుకున్నారు. 1864 ప్రాంతంలో క్రైస్తవ మతాచార్యుడు, విజ్ఞాన ప్రచారకుడు మొయిన్యో పరిచయం ఆయన జీవితాన్ని మలుపు తిప్పింది. మొయిన్యో మ్యాజిక్ లాంతరు సాయంతో తెరపై బొమ్మలు చూపుతూ సామాన్య ప్రజలకు విజ్ఞానశాస్త్రం బోధించేవారు. ఆ ఉపన్యాసాలకు సహాయకుడిగా ఉన్న రేనోకు చీకటి గదిలో వెలిగే బొమ్మ జనం మనసును ఎంతగా కట్టిపడేస్తుందో ప్రత్యక్షంగా తెలిసింది.

1865లో తండ్రి మరణించడంతో తల్లితో కలిసి తమ పూర్వీకుల ఊరైన లె పుయి పట్టణానికి చేరుకున్నారు. అక్కడ వైద్యుడైన బంధువు వద్ద విజ్ఞానశాస్త్రాలు అభ్యసించారు. 1873 నుంచి ఆ పట్టణంలోని పారిశ్రామిక విద్యార్థులకు ఉచిత విజ్ఞాన ఉపన్యాసాలు ఇచ్చారు. గురువు చూపిన దారిలోనే, ప్రతి పాఠానికీ తెరపై బొమ్మ తోడుగా ఉండేది.

పిల్లల ఆటవస్తువు నుంచి

1876లో ఒక చిన్నారికి కానుకగా ఇవ్వడానికి రేనో కదిలే బొమ్మల ఆటవస్తువు ఒకటి తయారుచేయాలని తలపెట్టారు. అటువంటి వస్తువులు అప్పటికే వాడుకలో ఉన్నాయి. బెల్జియం శాస్త్రవేత్త జోసెఫ్ ప్లాటో 1832లో రూపొందించిన తిరిగే పళ్లెం, ఆ తరువాత వచ్చిన జోయిట్రోప్ వాటిలో ముఖ్యమైనవి. ఈ రెండింటిలోనూ సన్నని చీలికల గుండా బొమ్మలను చూడాలి. చీలిక గుండా వచ్చే వెలుగు స్వల్పం కావడంతో బొమ్మ మసకగా కనిపించేది, రంగులు వెలవెలబోయేవి.

రేనో ఆ చీలికలను పూర్తిగా తొలగించారు. గుండ్రని డబ్బా లోపలి గోడకు 12 బొమ్మలున్న కాగితపు పట్టీని చుట్టి, మధ్యలో 12 చిన్న అద్దాలను స్తంభంలా నిలబెట్టారు. డబ్బా తిరుగుతుంటే ఒక్కో అద్దంలో ఒక్కో బొమ్మ ప్రతిఫలించి, ఒకటి తొలగేలోగా మరొకటి ఆ స్థానంలోకి చేరుతుంది. నడుమ చీకటి ఉండదు. రంగులు తళుకు తగ్గకుండా, కదలిక తడబడకుండా కంటికి అందుతాయి. దీనికి ప్రాక్సినోస్కోప్ అని పేరుపెట్టి 1877లో పేటెంటు పొందారు. ఆ ఏడాది చివర పారిస్‌కు తిరిగివచ్చి రోడియే వీధిలోని ఇంట్లో కార్మికశాల తెరిచారు. 1878 పారిస్ విశ్వప్రదర్శనలో ఆ పరికరానికి గౌరవ ప్రస్తావన లభించింది. చేపల తొట్టి, గారడీవాడు, గింజలు తినే కోడిపిల్లలు, సబ్బు బుడగలు వంటి చిత్రపట్టీలు ఫ్రెంచి ఇళ్లలోకి ప్రవేశించాయి. అమ్మకాలు బాగుండటంతో కుటుంబం నిలదొక్కుకుంది. 1879లో మార్గరీత్ రెమియాత్‌తో ఆయన వివాహం జరిగింది. వారికి ఇద్దరు కుమారులు.

అదే సంవత్సరం వచ్చిన ప్రాక్సినోస్కోప్ థియేటర్ ఆయనలోని దృశ్యరూపకర్తను వెలుగులోకి తెచ్చింది. ఇందులో పాత్రలను నల్లటి నేపథ్యంపై ముద్రించారు. చూసేవారి ముందు ఒక పలుచని గాజుపలక ఉంటుంది. వీధి, తోట, సర్కస్ వలయం వంటి దృశ్యాల అట్టలు ఆ గాజుపై ప్రతిబింబిస్తాయి. గాజు వెనుక కదిలే పాత్ర ఆ దృశ్యం నడుమ తిరుగుతున్నట్టు కనిపిస్తుంది. దృశ్యం మార్చినా పాత్ర మారదు. పాత్ర మారినా దృశ్యం మిగిలే ఉంటుంది. కదిలే రూపాన్ని, కదలని నేపథ్యాన్ని వేరుచేయాలన్న ఈ ఆలోచనే తరువాతి యానిమేషన్ పరిశ్రమకు పునాది అయింది. అమెరికాలో ఎర్ల్ హర్డ్ పారదర్శక పలకలపై పాత్రలను గీసి, నేపథ్యంపై ఉంచి చిత్రీకరించే పద్ధతికి పేటెంటు కోరింది 1914లో. అదే సమస్యకు రేనో 35 ఏళ్ల ముందే గాజుతో, వెలుగుతో ఒక పరిష్కారం చూపారు.

12 బొమ్మల సంకెల తెగింది

12 బొమ్మల పట్టీ ఎంత అందంగా ఉన్నా, తిరిగి తిరిగి మొదటికే వస్తుంది. గారడీవాడు అదే బంతిని అనంతంగా ఎగరవేస్తుంటాడు. అందులో ఆది, మధ్యం, అంతం గల కథ ఇమడదు. ఈ పరిమితిని దాటడానికి రేనోకు దాదాపు పదేళ్లు పట్టింది. 1888 డిసెంబర్‌లో ఆయన థియేటర్ ఒప్టీక్ అనే యంత్రానికి పేటెంటు దరఖాస్తు సమర్పించారు. చిత్రాలను గుండ్రని డబ్బాకు కట్టివేయకుండా, ఒక చుట్ట నుంచి మరో చుట్టకు సాగే పొడవైన పట్టీగా మార్చడం అందులోని కీలకాంశం. పట్టీలో బొమ్మకూ బొమ్మకూ నడుమ రంధ్రాలుండేవి. చక్రం అంచున ఉన్న మేకులు ఆ రంధ్రాల్లో ఇమిడి, పట్టీని జారకుండా ముందుకు లాగేవి. రంధ్రాలున్న పట్టీని పళ్లచక్రంతో నడిపే విధానం తరువాత సినిమా రీలుకు జీవనాధారమైంది.

ప్రతి బొమ్మనూ చిన్న జెలటిన్ పలకపై రేనో స్వయంగా రంగులతో చిత్రించేవారు. పాత్ర చుట్టూ ఉన్న భాగాన్ని నల్లరంగుతో పూర్తిగా మూసివేసేవారు. దీపకాంతి పాత్ర గుండా మాత్రమే ప్రసరించి, తిరిగే అద్దాలపై పడి, కటకం ద్వారా తెరను చేరేది. నేపథ్య దృశ్యాన్ని మరో మ్యాజిక్ లాంతరు అదే తెరపై నిశ్చలంగా నిలిపేది. యంత్రం, దాన్ని నడిపే మనిషి తెర వెనుకనే ఉండేవారు. ప్రేక్షకులకు వెలుగు తెర ఒక్కటే కనిపించేది.

రెండు వెలుగులు ఒకే తెరపై కలిసినప్పుడు నేపథ్యపు కాంతి పాత్రలోంచి తొంగిచూసే ప్రమాదం ఉంది. పాత్ర ప్రకాశవంతంగాను, దాని వెనుక దృశ్యం మందంగాను ఉంటేనే రూపం నిలుస్తుంది. తెల్లని దుస్తులు ధరించే పియరో పాత్రను రాత్రివేళ తోటలో నిలబెట్టిన చిత్రంలో ఈ నియమం చక్కగా అమరింది. సాంకేతిక పరిమితి అక్కడ అందంగా మారింది.

గ్రెవిన్ ప్రదర్శనశాలలో ఎనిమిదేళ్లు

పారిస్‌లోని మోంమార్త్ర్ బులెవార్డులో 1882లో ప్రారంభమైన గ్రెవిన్ మైనపు బొమ్మల ప్రదర్శనశాల నగరవాసులకు ఇష్టమైన వినోదస్థలం. 1892 అక్టోబర్ 11న ఆ సంస్థతో రేనో ఒప్పందం కుదుర్చుకున్నారు. నెలకు 500 ఫ్రాంకులు, ప్రవేశ రుసుము వసూళ్లలో పదో వంతు ఆయనకు అందుతాయి. అందుకు ప్రతిగా ఆయన తన యంత్రాన్ని మరెక్కడా ప్రదర్శించకూడదు, అమ్మకూడదు. ప్రదర్శనలను దగ్గరుండి నడపాలి. అరిగిపోయిన పట్టీలను బాగుచేసుకోవాలి, కొత్తవి సమకూర్చాలి. తొలిచూపుకు ఈ ఒప్పందం ఆదాయానికి భరోసాగా కనిపించింది. కాలక్రమంలో అదే ఆయన కాళ్లకు బంధమైంది.

అక్టోబర్ 28న కాంతి మూకాభినయాల పేరుతో మూడు చిత్రాలు ప్రదర్శితమయ్యాయి. మంచి బీరు గ్లాసు అనే అర్థం గల చిత్రంలో 700 బొమ్మలు, విదూషకుడు, అతని కుక్కల చిత్రంలో 300 బొమ్మలు, పాపం పియరో అనే చిత్రంలో 500 బొమ్మలు ఉన్నాయి. ప్రసిద్ధ చిత్రకారుడు జూల్ షెరే ప్రచార చిత్రం గీశారు. గాస్టన్ పోలాన్ ప్రత్యేకంగా సంగీతం సమకూర్చి పియానో వాయించారు.

పాపం పియరో కథ చిన్నది. రాత్రివేళ ప్రియురాలు కొలంబీన్‌ను ఆర్లెకిన్ రహస్యంగా కలుసుకుంటాడు. అంతలో పూలగుత్తి పట్టుకుని పియరో వస్తాడు. దాక్కున్న ఆర్లెకిన్ కర్రతో అతడిని ఆటపట్టిస్తాడు. చివరకు పియరో బెదిరి పారిపోతాడు. తెరపై కర్ర దెబ్బ పడిన క్షణానే తెర వెనుక చప్పుడు వినిపించేది. పట్టీలో అమర్చిన లోహపు ముక్కలు విద్యుత్ వలయాన్ని కలిపి, విద్యుదయస్కాంతంతో ఆ శబ్దాన్ని పుట్టించేవి. బొమ్మకు, శబ్దానికి పొత్తు కుదర్చడంలోనూ రేనో తన కాలానికి ముందే నడిచారు.

500 బొమ్మలను నిలపకుండా తిప్పితే నిమిషం కూడా పట్టదు. అయినా ఆ ప్రదర్శన పావుగంట వరకు సాగేది. పట్టీని ముందుకు, వెనక్కు నడుపుతూ, అవసరమైన చోట నిలుపుతూ రేనో కదలికలను పొడిగించేవారు. ప్రేక్షకుల నవ్వులు వినిపిస్తే అదే చేష్టను మళ్లీ చూపేవారు. ఏ రెండు ప్రదర్శనలూ పూర్తిగా ఒకేలా ఉండేవి కావు. యంత్రం ముందున్న రేనో ఏకకాలంలో దర్శకుడు, నటుడు కూడా.

నిత్యం జరిగే ప్రదర్శనలతో సున్నితమైన జెలటిన్ పట్టీలు త్వరగా దెబ్బతిన్నాయి. 1894లో కొన్ని నెలలు ప్రదర్శనలు ఆగిపోయాయి. కొత్త చిత్రాలతో 1895 జనవరిలో మళ్లీ మొదలయ్యాయి. వాటిలో ఒకటి సముద్రతీరంలోని స్నానాల గది చుట్టూ తిరిగే హాస్యకథ. 636 బొమ్మల ఈ చిత్రంలో ఈతగాళ్లు నీటిలోకి దూకుతారు, దుస్తులు మార్చుకునే గదిలోకి తొంగిచూసిన పెద్దమనిషికి తగిన శాస్తి జరుగుతుంది. చివరకు ఒక పడవ వచ్చి, ఆట ముగిసిందన్న సంగతిని తన తెరచాపపై ప్రేక్షకులకు చూపిస్తుంది. సముద్రపు గాలి, ఎండ వెలుగు, వేసవి సెలవుల ఉల్లాసం ఆ రంగుల్లో నేటికీ తాజాగా కనిపిస్తాయి.

నడిచివెళ్లేంత దూరంలో ప్రత్యర్థి

1895 డిసెంబర్ 28న అదే బులెవార్డుల వరుసలోని గ్రాండ్ కెఫేలో, ఇండియన్ సలోన్ అని పిలిచే నేలమాళిగ గదిలో లూమియెర్ సోదరులు సినిమాటోగ్రాఫ్‌ను ప్రజలకు చూపించారు. గ్రెవిన్ ప్రదర్శనశాల నుంచి ఆ చోటికి నడిచివెళ్లవచ్చు. రేనోకు ఒక చిత్రం పూర్తిచేయడానికి నెలల తరబడి శ్రమ అవసరం. కెమెరాకు నిమిషం చాలు. ఆయన చిత్రానికి ఒకే ప్రతి ఉంటుంది. సినిమా రీలుకు ఎన్ని ప్రతులైనా తీయవచ్చు. ఆ వేగం ఎంతటిదో భారతీయులకు కూడా త్వరలోనే తెలిసింది. పారిస్ ప్రదర్శన జరిగిన ఆరు నెలలకే, 1896 జూలై 7న, లూమియెర్ చిత్రాలు బొంబాయి వాట్సన్ హోటల్‌లో ప్రదర్శితమయ్యాయి. రేనో చిత్రాలు అదే కాలంలో ఒప్పందం విధించిన ఒక్క గదిని దాటి బయటకు రాలేకపోయాయి.

ఆయన చేతులు ముడుచుకుని కూర్చోలేదు. ఛాయాచిత్రాన్ని తన పద్ధతిలోకి తీసుకురావడానికి ప్రయత్నించారు. 1896లో సర్కస్ విదూషకులు ఫుటిట్, షొకొలా జంటతో విలియం టెల్ కథను, హాస్యనటుడు గాలిపోతో తొలి చుట్ట అనే చిత్రాన్ని కెమెరాతో తీశారు. ఆ ఛాయాచిత్రాలకు మళ్లీ చేతితో మెరుగులు దిద్ది, రంగులద్ది, తన యంత్రానికి అనువుగా మార్చారు. కాని ప్రేక్షకుల చూపు అప్పటికే మరలిపోయింది. 1900 మార్చి 1న గ్రెవిన్ ప్రదర్శనశాలలో కాంతి మూకాభినయాలకు తెరపడింది. ఎనిమిదేళ్లలో సుమారు 12,800 ప్రదర్శనలు జరిగాయి. 5 లక్షల మందికి పైగా వాటిని చూశారు. ఆయన వదిలివెళ్లిన వేదికను తోలుబొమ్మలాటగాళ్లు, వాద్యబృందం ఆక్రమించారు.

సెన్ నదిలో కలిసిన చిత్రాలు

ఆ తరువాత రేనో లోతును కూడా చూపగల కదిలే బొమ్మల పరికరంపై పరిశోధన సాగించి 1902లో పేటెంటు కోరారు. దానికి పెట్టుబడి పెట్టేవారు దొరకలేదు. ప్రాక్సినోస్కోప్ అమ్మకాలు కూడా పడిపోయాయి. అప్పులు, నిరాశ ఆయనను చుట్టుముట్టాయి. 1910 దశకం తొలి సంవత్సరాల్లో ఒకనాడు సుత్తి తీసుకుని థియేటర్ ఒప్టీక్ యంత్రాన్ని పగులగొట్టారు. మిగిలిన లోహపు భాగాలు పాత సామాను కింద అమ్ముడయ్యాయి. తరువాత తన చిత్రపట్టీల్లో అధికభాగాన్ని సెన్ నదిలో విసిరేశారు. వేలాది గంటల శ్రమ, తల్లి నేర్పిన రంగులు నీటిపాలయ్యాయి.

ఆ పనిని ఒక క్షణికావేశంగా కొట్టిపారేయడం తేలిక. కాని దాని వెనుక వెలకట్టలేని శ్రమకు వెల లేకుండా పోయిన వేదన ఉంది. పరిశ్రమగా మారిన వినోదం ఒంటరి చేతిపనివాడికి చోటు మిగల్చలేదు. అదే ఫ్రాన్స్‌లో 1908లో ఎమిల్ కోల్ సుమారు 700 బొమ్మలను గీసి, వాటిని కెమెరాతో ఒక్కొక్కటిగా చిత్రీకరించి ఫాంటస్మగోరీ అనే చిత్రం రూపొందించారు. కోల్ బొమ్మలు సినిమా రీలుపైకి ఎక్కాయి కాబట్టి ప్రతులుగా లోకమంతా తిరిగాయి. రేనో బొమ్మలు ఆయన చేతి నుంచి నేరుగా తెరకు చేరాయి. కళాకారుడికి, ప్రేక్షకుడికి నడుమ ఏ అడ్డూ లేకపోవడమే ఆయన కళకు ప్రాణమైంది, అదే దాని నాశనానికీ కారణమైంది.

మొదటి ప్రపంచయుద్ధం సాగుతుండగా 1917లో వృద్ధాప్యం, అనారోగ్యంతో పారిస్ సమీపంలోని ఇవ్రీ ధర్మాసుపత్రిలో చేరారు. 1918 జనవరి 9న అక్కడే కన్నుమూశారు. అప్పటికి ఆయన వయసు 73 ఏళ్లు. ఒకనాడు నగరాన్ని నవ్వించిన మనిషి పేరు ఆ వేళకు చాలామందికి గుర్తులేదు.

మిగిలిన రెండు పట్టీలు

నది మింగగా మిగిలినవాటిలో పాపం పియరో, స్నానాల గది చుట్టూ సాగే హాస్యకథ ప్రధానమైనవి. 1980లలో చిత్రకారుడు, యానిమేటర్ జూలియన్ పాపే ఆ బొమ్మలను ఒక్కొక్కటిగా పునరుద్ధరించి సినిమా రీలుపైకి ఎక్కించారు. నేటి ప్రేక్షకులు చూస్తున్నది ఆ రూపమే. రేనో కాంతి మూకాభినయాలకు 2015లో యునెస్కో ప్రపంచ స్మృతి జాబితాలో చోటు దక్కింది. ఫ్రాన్స్‌లో ఆయన పేరిట యానిమేషన్ చిత్రాలకు బహుమతి కూడా ఏర్పాటైంది.

ఇప్పుడు యానిమేషన్ నిర్మాణం వందలాది కంప్యూటర్లపై, ఖండాంతరాల్లోని బృందాల నడుమ జరుగుతోంది. పాత్రను ఒక పొరలో, నేపథ్యాన్ని మరో పొరలో ఉంచి కలపడం ప్రతి స్టూడియోలో నిత్యకృత్యం. ఆ పొరలను తొలిసారి విడదీసినవారిలో ఒకరు రెండు దీపాలు, కొన్ని అద్దాలు, ఒక కుంచె తప్ప మరేమీ లేని లె పుయి ఉపాధ్యాయుడు. ఏటా అక్టోబర్ 28న పిల్లలు, పెద్దలు చూసే ప్రతి బొమ్మల చిత్రం ఆయనకు చెల్లించవలసిన పాత బాకీలో ఒక చిన్న వాయిదా.